అంగీకారము - దాని ఆనవాళ్లు

నిజామాబాదు పట్టణమందును, బోధనులోను రిజిస్ట్రేషను కచ్చేరుల చెంత దస్తావేజు లేఖరులు నేటికిని కనబడుదురు. ఒకప్పుడు వారు చిన్న బల్ల వేసికొని, సిరాబుడ్డిని, కలమును ముందుంచుకొని కూర్చుండెడివారు. ఇప్పుడు వారి యెదుట కంప్యూటరున్నది. సాధనము మారినను పని మారలేదు. ఇరుపక్షములవారు నోటితో అనుకొనిన మాటను కాగితముమీదికి తెచ్చుట, దానిని చదివి వినిపించుట, క్రింద చేవ్రాలో వేలిముద్రయో వేయించుట వారి వృత్తి.

ఈ ప్రసంగమున మేము ముచ్చటింపదలచినది మరియొక లేఖరిని గూర్చి. ఈ లేఖరి మనిషి కాదు. కంప్యూటరులోను, చేతిఫోనులోను దాగియుండు చిన్న ఫైలు. మనము క్రొత్త ప్రోగ్రామును దింపుకొనగానే తెరమీద పుటలకొలది ఇంగ్లీషు షరతులు ప్రత్యక్షమగును. వాని క్రింద 'అంగీకరించుచున్నాను' అను మీట యొకటి యుండును. దానిని నొక్కనిదే పని ముందునకు సాగదు. షరతులను చూపుటయు, మీటను పెట్టుటయు, మనము నొక్కితిమా లేదా యని గుర్తు వ్రాసికొనుటయు ఆ ఫైలు పని. చూచుటకిది అల్పవిషయము. కాని బోధను ప్రాంతపు రైతు కరారు కాగితముమీద వేసిన వేలిముద్రకును, అతని మనుమడు నేడు నొక్కుచున్న మీటకును నడుమ 'అంగీకారము' అను మాటలోనుండి ముఖ్యమైనదేదియో జారిపోయినది. అది యేమో, ఎట్లు పోయినదో చరిత్రక్రమమున చూతము.

తెలంగాణమున ఒప్పందమునకు కరారునామా యనియు, కౌలు కాగితమునకు కౌలునామా యనియు, ఒప్పుకోలు పత్రమునకు కబూలియతు అనియు వాడుక. 'కబూలు' అను మాట నేటికిని మన పల్లెలలో వినబడును. వేలిముద్రను 'నిశానీ' యందురు. పందొమ్మిదవ శతాబ్ది చివరి భాగమునుండి హైదరాబాదు సంస్థానమున కచ్చేరీల భాష ఉర్దూ. రైతు మాటలాడునది తెలుగు. 1951 జనాభా లెక్కల నాటికి హైదరాబాదు రాష్ట్రమున అక్షరాస్యులు నూటికి పదుగురైనను లేరు. కావున కాగితమునకును రైతునకును నడుమ చదివి చెప్పువాడొకడు ఉండితీరవలసి వచ్చెను. 'చదివి వినిపింపగా విని, గ్రహించి, సమ్మతించి వేలిముద్ర వేసినాడు' అను అర్థము గల వాక్యమొకటి పత్రము చివర వ్రాయుటయు, దానిక్రింద సాక్షులు చేవ్రాళ్లు చేయుటయు ఆచారమాయెను.

ఆ వాక్యము ప్రతి పత్రమునందును నిజమై యుండెనని మేమనజాలము. అప్పిచ్చువాని ఇంటి అరుగుమీద, అప్పు పుచ్చుకొనువాని ఆకలివేళ వ్రాసిన కాగితమును ఎవరెంత శ్రద్ధగా చదివి వినిపించిరో ఊహింపవచ్చును. అయినను ఆ వాక్యముండవలెనను నియమమునకు ఒక విలువ గలదు. అంగీకారమునకు గుర్తు మాత్రమే చాలదు, గ్రహింపును కావలెనని అది ఒప్పుకొనుచున్నది. 1925లో లండనులోని ప్రివీ కౌన్సిలు ఫరీదున్నీసా వ్యాజ్యమున తీర్పు చెప్పుచు, ఘోషాలోనుండు స్త్రీ వ్రాసియిచ్చిన పత్రము చెల్లవలెనన్నచో, అందలి సంగతి ఆమెకు తెలియజెప్పబడెననియు, ఆమె గ్రహించెననియు రుజువు చేయు భారము ఆ పత్రమును ఆధారముగా చూపువారిదే యని నిర్ణయించెను. చదువురానివారి విషయమునను మన న్యాయస్థానములు ఈ సూత్రమును అన్వయించినవి. అనగా, 'ఏల చదువుకొనలేదు?' అని బలహీనుని అడుగుటకు మారుగా, 'ఏల చదివి చెప్పలేదు?' అని బలవంతుని అడుగుట.

ఇక గుర్తు సంగతి వేరు. దాని చరిత్రను చూచినచో, అది ప్రారంభమునుండియు పుచ్చుకొనువాని మేలుకొరకే ఏర్పడినదని తెలియును. 1858లో విలియం హెర్షెల్ అను ఆంగ్లోద్యోగి బెంగాలులోని జంగీపూరులో ఉండెను. బాటలకు కంకర సరఫరా చేయుటకై రాజ్యధర్ కొనాయ్ అను నాతనితో ఒప్పందము వ్రాయించుకొని, అతని యరచేతి ముద్రను ఆ కాగితముమీద తీసికొనెను. ఏలయన, 'ఆ చేవ్రాలు నాది కాదు' అని అతడు తరువాత అనకుండవలెను. 1877లో హెర్షెల్ హుగ్లీలో రిజిస్ట్రేషను పత్రములకు వేలిముద్రలను వాడించెను. 1897లో కలకత్తాలో వేలిముద్రల కార్యాలయము వెలసెను. ఆ ముద్రలను వర్గీకరించు పద్ధతిని రూపొందించుటలో అజీజుల్ హక్, హేమచంద్ర బోసు అను భారతీయులిద్దరు పాటుపడిరి. ఈ కథలో గమనింపవలసిన దొకటి గలదు. వేలిముద్ర 'ఇతడే వేసినాడు' అని చెప్పును. 'ఇతడు తెలిసి వేసినాడు' అని చెప్పదు. ఆ రెండవమాట చెప్పుటకు చదివి వినిపించువాడును, విన్న సాక్షియు కావలెను.

ఇప్పుడు మన చెరకు పొలములకు వత్తము. మంజీరానదిమీద 1923లో ఆరంభమైన నిజాంసాగరు నిర్మాణము 1931లో ముగిసెను. నవాబు అలీ నవాజ్ జంగ్ బహదూరు దానిని కట్టించిన ఇంజనీరు. కాలువలు పారినపిదప మెట్ట మాగాణి యాయెను. కోస్తా జిల్లాలనుండి రైతులు వచ్చి భూములు కొని, 'క్యాంపులు' అను పేర పల్లెలు వెలయించిరి. 1937లో బోధను ప్రక్కన శక్కర్‌నగరులో నిజాం చక్కెర కర్మాగారము స్థాపింపబడెను. ఆసియాఖండమునందలి పెద్ద కర్మాగారములలో ఒకటిగా అది పేరొందెను.

చెరకు వరివంటిది కాదు. వడ్లయినచో గాదెలో పోసికొని ధర వచ్చుదాక ఆగవచ్చును. నరికిన చెరకు ఆగదు. ఎండకు బరువు తగ్గును, దినము గడిచినకొలది తీపియు తగ్గును. మరియొకవైపు, ప్రతిదినము తగినంత చెరకు రానియెడల కర్మాగారము నడువదు. ఇట్లు ఇరువురికిని ఒకరితో ఒకరికి అగత్యము గలదు గనుక ముందుగా ఒప్పందము చేసికొనుట ఏర్పడెను. 1961 నాటి ఆంధ్రప్రదేశ్ చెరకు సరఫరా, కొనుగోలు నియంత్రణ చట్టము ఒక్కొక్క కర్మాగారమునకు కొంత ప్రాంతమును ప్రత్యేకించు పద్ధతిని ఏర్పరచెను. రైతు చెరకు ఇచ్చుటకును, కర్మాగారము కొనుటకును ఒడంబడిక. ఇందు ఇరువురును సమానులుగా కనబడుదురు. కాని ఒకవైపు వేలకొలది రైతులు, మరియొకవైపు ఒక్క గానుగ. కాగితమును వ్రాయునది గానుగ పక్షము. ముద్ర వేయునది రైతు.

ఇట్టిచోట చట్టమేమి చేసినదో చూచుట మన విషయమునకు ముఖ్యము. కేంద్రప్రభుత్వము 1966లో చెరకు నియంత్రణపుటుత్తర్వు వెలువరించెను. అందు రెండు నియమములను ప్రక్కప్రక్కన ఉంచి చూడుడు. మొదటిది: ప్రభుత్వము నిర్ణయించిన కనీసపు ధరకన్న తక్కువకు అమ్ముటకుగాని కొనుటకుగాని ఎవరును ఒప్పుకొనరాదు. రైతు ముద్ర వేసినను, వేయకున్నను ఈ రక్ష తొలగదు. రెండవది: చెరకు చేరిన 14 దినములలో ధర చెల్లింపవలెను, ఆలస్యమైనచో ఏటికి నూటికి 15 వంతున వడ్డీ కలుపవలెను. అయితే ఈ 14 దినముల నియమమునకు చిన్న తోక యొకటి గలదు: ఇరుపక్షముల నడుమ ఇందుకు భిన్నముగా వ్రాతపూర్వకమైన ఒప్పందము లేనియెడల మాత్రమే ఇది వర్తించును. అనగా, కాగితములో ఎక్కడనో ఒక వాక్యము చేరి, దానిక్రింద రైతు ముద్ర పడినచో, 14 దినముల హక్కు జారిపోవచ్చును. మొదటి నియమము ముద్రకు లొంగనిది, రెండవది లొంగునది. చదువని కాగితమునకు వెల యెంతయో ఈ రెండవ నియమము చెప్పుచున్నది.

(శక్కర్‌నగరు కర్మాగారము 2002లో ప్రైవేటు యాజమాన్యములోనికి పోయెను. 2015 డిశెంబరులో లే-ఆఫ్ ప్రకటింపబడి గానుగ నిలిచిపోయెను. ఒడంబడికకు రెండవ పక్షము మౌనము వహించినచో మొదటి పక్షమునకేమి మిగులునో ఆ ప్రాంతపు రైతులకును, కార్మికులకును వేరుగా చెప్పనక్కరలేదు.)

ముద్రమాత్రపు అంగీకారమునకు ఇంకను కఠోరమైన ఉదాహరణము మన తెలంగాణముననే గలదు. కొద్దిపాటి అప్పునకు కాగితము వ్రాసియిచ్చి, అది తీరువరకు దొరగారింట చాకిరి చేయు పద్ధతికి 'భగేలా' అని పేరు. 1976లో పార్లమెంటు చేసిన వెట్టిచాకిరి నిర్మూలన చట్టము, దేశమందంతట అట్టి పద్ధతులకు గల పేర్లను వరుసగా పేర్కొనుచు భగేలాను కూడ ఎన్నుకొనినది. 'నీవు ఒప్పుకొని ముద్ర వేసితివి గదా' అను వాదము ఇకమీదట చెల్లదని ఆ చట్టము తేల్చినది. కొన్నిటిని మనిషి ఒప్పుకొనినను ఒప్పుకొననట్లే యని నాగరిక సమాజము నిర్ణయించుకొనుట ఇట్లు జరిగినది.

ఇంతవరకు కాగితపు కథ. ఇక కంప్యూటరు కథ. మొదటి దినములలో ప్రోగ్రాములకు వేరుగా వెల లేకుండెను, యంత్రముతోపాటు వచ్చెడివి. 1969 జూనులో ఐ.బి.ఎం. సంస్థ వానిని వేరుచేసి అమ్ముదునని ప్రకటించెను. అమ్మకము ఆరంభమైనపిదప చిక్కు వచ్చెను. ప్రోగ్రామును నకలు తీయుటకు క్షణము పట్టదు. కావున తయారుచేసినవారు వస్తువునే అమ్మక, వాడుకొనుటకు అనుమతి మాత్రము అమ్మసాగిరి. ఆ అనుమతికే లైసెన్సని పేరు. రేడియో గల కుటుంబములకు ఈ మాట క్రొత్త కాదు. 1980వ దశకమువరకు మనమును పోస్టాఫీసులో ఏటేట రుసుము చెల్లించి రేడియో లైసెన్సు పుచ్చుకొనెడివారము. కాని భేదము గలదు. నాడు రేడియో మనది, అనుమతి ప్రభుత్వమువారిది. నేడు ప్రోగ్రామునకు సొంతదారును అమ్మినవాడే, షరతులు విధించువాడును వాడే.

ఆ షరతులను మొదట పెట్టెలో కాగితముగా ఉంచి, పైని పల్చని ప్లాస్టిక్ తొడుగు చుట్టి, తొడుగు చించినచో ఒప్పుకొన్నట్లే యని వ్రాసిరి. పిదప అవి తెరమీదికి వచ్చెను. 1996లో అమెరికాలోని అప్పీలు న్యాయస్థానమొకటి ప్రోసీడీ సంస్థ వ్యాజ్యమున, ఇట్టి షరతులు చెల్లునని చెప్పెను. ఆ ప్రోగ్రాము షరతులను తెరమీద చూపి, ఒప్పుకొననిదే సాగనిచ్చెడిది కాదు. 2002లో మరియొక అప్పీలు న్యాయస్థానము నెట్‌స్కేప్ వ్యాజ్యమున, షరతులను మీట క్రిందుగా, తెరను జరిపిననేగాని కనబడని చోట ఉంచినచో, మీట నొక్కినంత మాత్రమున ఒప్పుకొన్నట్లు కాదని తీర్పిచ్చెను. కావున చట్టము కోరినది షరతులు కంటబడుట. చదువుటను కోరలేదు, తెలియజెప్పుటను అసలే కోరలేదు.

ఈ పనికై పుట్టినదే మనము మొదట చెప్పుకొనిన ఫైలు. ఒకే పని పలు ప్రోగ్రాములకు కావలసి వచ్చినపుడు, దానిని వేరుగా వ్రాసి ఒకచోట నుంచుదురు. కావలసిన ప్రోగ్రాము వచ్చి దానిని పిలుచుకొనును. అట్టిదానిని లైబ్రరీ ఫైలందురు. విండోస్ కంప్యూటర్లలో వీని పేర్లు సాధారణముగా డి.ఎల్.ఎల్. అను అక్షరములతో ముగియును. పలువురు కక్షిదారులకు ఒకే లేఖరి పత్రములు వ్రాసిపెట్టినట్లే యిది.

ఇది గుర్తును ఎట్లు వ్రాసికొనునో చూడుడు. విండోసులో యంత్రనిర్వాహకులు విరివిగా వాడు సిస్‌ఇంటర్నల్స్ పనిముట్లు మొదటిసారి తెరచినపుడు షరతులను చూపును. ఒప్పుకొన్నచో, రిజిస్ట్రీ యను విండోస్ చిట్టాలో 'యూలా ఆక్సెప్టెడ్' అను పేరుకు ఎదురుగా 1 అని వ్రాసికొనును. అంతియే. మరల అడుగదు. అంతేకాక, ఆ షరతుల కిటికీ తెరవకయే ఒప్పుకోలు తెలుపు ఆజ్ఞ కూడ వానికి గలదు; యంత్రనిర్వాహకుడు ఆ ఒక్క మాటను తన ఆజ్ఞలపట్టికలో చేర్చినచో, వేయి యంత్రములలో వేయి అంగీకారములు నరుడొక్కడును షరతులు చూడకయే నమోదగును. ఆండ్రాయిడ్ ప్రోగ్రాములు వ్రాయువారి పనిముట్లలో మరియొక పద్ధతి గలదు. అందు లైసెన్సు వాచకమునుండి గణితముచేత ఒక అంకెల, అక్షరముల వరుసను తీసి, ఒప్పుకొన్నపిదప దానిని ఒక ఫైలులో నుంచుదురు. వాచకములో ఒక్క అక్షరము మారినను ఆ వరుస మారిపోవును. అప్పుడు మరల ఒప్పుకోలు కావలసివచ్చును. అది వాచకమునకు వేలిముద్రవంటిది. ఆ ఫైలును మరియొక యంత్రములోనికి నకలు తీసి పెట్టినచో అక్కడను ఒప్పుకొన్నట్లే లెక్క.

నాడు మనిషి వేలిముద్ర కాగితముమీద పడెను. నేడు వాచకపు వేలిముద్ర యంత్రములో పడుచున్నది. మనిషి జాడ లేదు. '1' అను అంకె ఎవరు నొక్కిరో చెప్పదు, పెద్దవాడో పసివాడో చెప్పదు, తెలుగువాడు ఇంగ్లీషు వాచకమును గ్రహించెనా యని అడుగదు. వేలిముద్రలో నుండిన 'ఎవరు' అనునదియు పోయినది. దాని ప్రక్కనుండిన 'చదివి వినిపింపగా' అనునదియు పోయినది. లేఖరి మిగిలినాడు, నోరు పోయినది.

జనులు చదువరని షరతులు వ్రాయువారికిని తెలియును. 2005లో పీసీ పిట్‌స్టాప్ అను అమెరికా సంస్థ తన షరతుల నడుమ, ఇది చదివి మాకు వ్రాసినవారికి బహుమతి యిత్తుమని చేర్చెను. నాలుగు నెలలు గడిచి, మూడువేలకుపైగా ప్రతులు పోయినపిదప ఒక్కరు వ్రాసి వేయి డాలర్లు పొందిరి. 2010 ఏప్రిల్ 1న బ్రిటనులోని గేమ్‌స్టేషన్ దుకాణము, కొనువారి ఆత్మ తమకు చెందునను షరతును వినోదార్థము చేర్చగా, సుమారు 7,500 మంది ఒప్పుకొనిరి. దీనికి జనుల సోమరితనమే కారణమనుట అన్యాయము. 2008లో ఇద్దరు అమెరికా పరిశోధకులు లెక్కగట్టి, ఒక్కరు ఏడాదిలో తాము దర్శించు చోట్ల వ్యక్తిగత సమాచారపు షరతులన్నియు చదువవలెనన్నచో సుమారు 244 గంటలు పట్టునని తేల్చిరి. 2016లో నార్వే వినియోగదారుల మండలి సామాన్యుని ఫోనులోనుండు ప్రోగ్రాముల షరతులను బిగ్గరగా చదివించి ప్రసారము చేయింపగా, దాదాపు 32 గంటలు పట్టెను. చదివి వినిపించు పాత ఆచారమునకు ఈ కాలమున ఎంత బరువు వచ్చిపడినదో దీనివలన తెలియగలదు.

అన్ని లైసెన్సులును ఇట్టివి కావు. రిచర్డ్ స్టాల్‌మన్ 1989లో వెలువరించిన జి.పి.ఎల్. అను స్వేచ్ఛా లైసెన్సు గలదు. దాని 2007 నాటి కూర్పు, ప్రోగ్రామును పొందుటకుగాని నడుపుకొనుటకుగాని ఎవరును దేనిని ఒప్పుకొననక్కరలేదని స్పష్టముగా చెప్పుచున్నది. మార్పులు చేయువారికిని, పంచిపెట్టువారికిని మాత్రమే దాని షరతులు. ఇట్టి ప్రోగ్రాములను తెలుగులోనికి తెచ్చుటకు హైదరాబాదులోని 'స్వేచ్ఛ' సంస్థ కృషి చేసినది. మీట లేకుండ గూడ లైసెన్సు ఉండవచ్చునని ఈ దృష్టాంతము నిరూపించుచున్నది.

మన దేశపు చట్టమేమి చెప్పుచున్నది? 1872 నాటి కాంట్రాక్టు చట్టము 1951లో హైదరాబాదు రాష్ట్రమునకు వర్తింపజేయబడెను. ఇరువురు ఒకే సంగతిని ఒకే అర్థమున ఒప్పుకొన్నపుడే సమ్మతి యని అందలి 13వ సెక్షను భావము. 2000 నాటి సమాచార సాంకేతిక చట్టమునకు 2008లో చేసిన సవరణ, ఎలక్ట్రానిక్ పద్ధతిని ఏర్పడినదను కారణమున మాత్రమే ఒప్పందము చెల్లకపోదని చెప్పినది. బేరమాడు శక్తి లేనివాడు గత్యంతరము లేక చేవ్రాలు చేసిన అన్యాయపు షరతులు చెల్లవని సుప్రీంకోర్టు 1986లో బ్రజోనాథ్ గంగూలీ వ్యాజ్యమున ప్రకటించెను. 2019 నాటి వినియోగదారుల రక్షణ చట్టము అన్యాయపు ఒప్పందము అను దానిని నిర్వచించి, దానిపై ఫిర్యాదుకు త్రోవ చూపినది. 2023లో పార్లమెంటు చేసిన వ్యక్తిగత డిజిటల్ సమాచార రక్షణ చట్టము, సమ్మతి కోరు విన్నపమును ఇంగ్లీషులోగాని, రాజ్యాంగపు ఎనిమిదవ షెడ్యూలులోని భాషలలో దేనిలోనైనను గాని చూచుకొను అవకాశమీయవలెనని విధించినది. ఆ భాషలలో మన తెలుగు ఒకటి. పోయిన లేఖరి గొంతు ఈ చట్టముద్వారా కొంత మరలివచ్చు నాశ గలదు.

బోధను చెరకు కాగితము మనకు నేర్పిన పాఠము రెండు విధములు. కనీసపు ధరవంటి ముఖ్యరక్షలను ముద్రకు లొంగనట్లుగా చట్టమే నిలుపవలెను. అవి మనము చదువుట, చదువకపోవుటలమీద ఆధారపడరాదు. తక్కినవానిని మన భాషలో, వినదగినంత క్లుప్తముగా తెలియజెప్పుట షరతులు విధించువాని బాధ్యత కావలెను. ఈలోపల ఇంటిలో చదువు వచ్చిన పిల్లలున్నచో, మీట నొక్కుటకు ముందు మూడు సంగతులు వెదకి పెద్దలకు బిగ్గరగా చెప్పుడనుడు: మననుండి ఏమి తీసికొనుచున్నారు, అది ఎవరికి ఇత్తురు, వలదనుకొన్నపుడు వెనుకకు తీసికొనుట ఎట్లు. 'చదివి వినిపింపగా' అను ఆ పాత వాక్యము కనీసము మన యింటిలోనైనను నిజమగును.